తప్పు సిలబస్‌తో ఐదు నెలలు: ప్రిపరేషన్ మొదలుపెట్టే ముందు సమాచారాన్ని సరిచూసుకునే పద్ధతి

2023లో పలమనేరు నుంచి తిరుపతి వచ్చి బాలాజీ కాలనీ దగ్గర రూమ్ తీసుకున్నాక నేను కొన్న మొదటి వస్తువు ఒక స్పైరల్ బైండింగ్ పుస్తకం. జిరాక్స్ షాపులో 380 రూపాయలు తీసుకున్నారు. అట్ట మీద ‘గ్రూప్-2 ప్రిలిమ్స్ కంప్లీట్ మెటీరియల్’ అని ఉంది. తిప్పగానే సిలబస్ పేజీ: కరెంట్ అఫైర్స్ 50, రాజ్యాంగం 50, ఆర్థిక వ్యవస్థ 50. మొత్తం 150 మార్కులు. ఆ పేజీ చించి మంచం పక్కన గోడకు అంటించుకున్నాను. జులై నుంచి నవంబరు దాకా ఐదు నెలలు ఆ గోడ ఏం చెబితే అదే చదివాను.

డిసెంబరు 7న ఏపీపీఎస్సీ (ఆంధ్రప్రదేశ్ పబ్లిక్ సర్వీస్ కమిషన్) గ్రూప్-2 నోటిఫికేషన్ వచ్చింది. ప్రిలిమ్స్‌లో రాజ్యాంగం లేదు, ఎకానమీ లేదు. చరిత్ర 30, భూగోళశాస్త్రం 30, భారతీయ సమాజం 30, కరెంట్ అఫైర్స్ 30, మెంటల్ ఎబిలిటీ 30. ‘భారతీయ సమాజం’ అనే సబ్జెక్టు ఒకటుందని నాకు ఆ రోజే తెలిసింది. పరీక్ష 2024 ఫిబ్రవరి 25న. చేతిలో 80 రోజులున్నాయి. నేను గోడకు అంటించుకున్నది 2016 నోటిఫికేషన్ నాటి స్క్రీనింగ్ టెస్టు (అప్పట్లో ప్రిలిమ్స్‌ని అలా పిలిచేవారు) సిలబస్. ఎవరో దాన్ని కొత్త అట్ట వేసి అమ్మారు. రాజ్యాంగం, ఎకానమీ రెండూ మెయిన్స్‌కి వెళ్లిపోయాయి. వాటిని నేను బాగానే చదివాను, కానీ మెయిన్స్ దాకా చేరలేకపోయాను.

ఆ ఐదు నెలలూ నేను ఒళ్లు దాచుకోలేదు. పొద్దున ఐదుకి లేచేవాణ్ణి, మెస్‌లో తిని లైబ్రరీకి వెళితే మళ్లీ రాత్రికే రూమ్‌కి వచ్చేవాణ్ణి. నాన్న నెలనెలా పంపిన డబ్బు దానికే పోయింది. ఇలాంటి నష్టం చదివేటప్పుడు కనపడదు. తప్పు దారిలో ఉన్నా పేజీలు తిరుగుతూనే ఉంటాయి, నోట్సు నిండుతూనే ఉంటుంది, టెస్టుల్లో మార్కులు కూడా వస్తాయి, ఎందుకంటే ఆ టెస్టులూ అదే పాత సిలబస్ మీద తయారైనవే. అందుకే ఊరి నుంచి వచ్చే తమ్ముళ్లకూ చెల్లెళ్లకూ టైమ్‌టేబుల్ కంటే ముందు ఈ పని చేయిస్తున్నాను. ఇక్కడ ఉదాహరణలు ఎక్కువగా ఏపీపీఎస్సీవే అయినా డీఎస్సీ, పోలీసు, ఎస్‌ఎస్‌సీ (స్టాఫ్ సెలక్షన్ కమిషన్), రైల్వే, బ్యాంకు పరీక్షలకు కూడా పద్ధతి ఇదే.

మొదటి అడుగు: అసలు కాగితం చేతికి తెచ్చుకోండి

నోటిఫికేషన్ గురించి చెప్పే వీడియో వేరు, నోటిఫికేషన్ వేరు. పరీక్ష పెట్టే సంస్థ సొంత వెబ్‌సైట్ నుంచి పీడీఎఫ్ మీరే దించుకోవాలి. ఎవరో పంపిన లింకు నొక్కకుండా చిరునామా మీరే టైప్ చేయండి. ఏపీపీఎస్సీది పీఎస్‌సీ డాట్ ఏపీ డాట్ జీఓవీ డాట్ ఇన్. చివర ‘జీఓవీ డాట్ ఇన్’ ఉందా లేదా అన్నది తప్పకుండా చూడండి. అది ప్రభుత్వ సంస్థలకు మాత్రమే ఇస్తారు. చిరునామాలు కూడా మారుతుంటాయి. ఎస్‌ఎస్‌సీ 2024 ఫిబ్రవరిలో పాత ‘నిక్ డాట్ ఇన్’ సైటు వదిలి ‘జీఓవీ డాట్ ఇన్’ సైటుకు మారింది, రిజిస్ట్రేషన్ మళ్లీ చేసుకోమంది. పాత వీడియో చూసి పాత సైట్లోనే తిరిగినవాళ్లు నాకు తెలుసు.

పీడీఎఫ్ దించాక ప్రింటు తీయించండి. ఫోన్లో చదివితే వేలు జారిపోతుంది, కళ్లు కూడా జారిపోతాయి. పైన దించుకున్న తేదీ రాయండి. తర్వాత ఎర్ర పెన్ను పట్టుకుని కూర్చుని వీటి కింద గీత గీయండి: నోటిఫికేషన్ నంబరు, తేదీ. వయసు ఏ తేదీ నాటికి లెక్కిస్తారు. డిగ్రీ ఏ తేదీకి పాసై ఉండాలి. పరీక్ష ఎన్ని దశలు, ఏ దశలో ఏ సబ్జెక్టుకు ఎన్ని మార్కులు. తప్పు జవాబుకు ఎంత కోత.

ఈ చివరి దాని దగ్గర కాస్త ఆగండి. గ్రూప్-2లో ఒక్కో తప్పుకు ఆ ప్రశ్న మార్కులో మూడోవంతు పోతుంది. ‘ప్రిలిమ్స్‌లో నెగెటివ్ లేదంట’ అని ఒకరు చెబితే నమ్మి 150కి 150 బిట్లూ పెట్టాడు నా క్లాస్‌మేట్ ఒకడు. అతనికి గట్టిగా తెలిసినవి 80. మిగతా 70 ఊహించి పెట్టాడు. వాటిలో 16 కలిసొచ్చాయి, 54 తప్పాయి. 54 తప్పులకు 18 మార్కులు కోత. కలిసొచ్చిన 16 పోగా ఇంకో 2 మార్కులు చేతి నుంచి పడ్డాయి. ఆ 70 బిట్లు ముట్టుకోకుండా ఉన్నా 80 నిలిచేది. నోటిఫికేషన్లో ఒక్క వాక్యం చదవకపోవడం వల్ల జరిగిన పని అది.

అలాగే చివరి పేజీల దాకా వెళ్లండి. గ్రూప్-2లో మెయిన్స్ తర్వాత కంప్యూటర్ ప్రొఫిషియెన్సీ టెస్టు ఉంటుంది. దాని మార్కులు ర్యాంకుకు కలవవు, కానీ అది పాస్ కాకపోతే మెయిన్స్ మార్కులు ఎన్ని ఉన్నా ఉద్యోగం రాదు. కీబోర్డు మీద చేయి పెట్టకుండా మెయిన్స్ దాకా వెళ్లినవాళ్లు చాలామంది ఉంటారు.

ఒకసారి దించుకుంటే సరిపోదు. అదే 2023 నోటిఫికేషన్ 897 పోస్టులతో మొదలై తర్వాత 905 అయింది. ఇలాంటి మార్పులన్నీ వెబ్ నోట్ల రూపంలో వస్తాయి. వారానికి ఒకసారి, నాకైతే శనివారం సాయంత్రం, సైటు తెరిచి కొత్త వెబ్ నోట్ ఉంటే దించి అదే ఫైల్లో తేదీ వరుసలో పెట్టుకుంటాను. పది నిమిషాల పని.

రెండో అడుగు: పుస్తకం వయసు తెలుసుకోండి

పుస్తకం కొనే ముందు షాపులోనే నిలబడి చేసే పరీక్ష ఒకటుంది. మొదట లోపలి పేజీలో ముద్రణ సంవత్సరం చూడండి. అట్ట మీద పెద్ద అక్షరాల్లో ఉన్న సంవత్సరాన్ని లెక్కలోకి తీసుకోవద్దు. అట్ట ఏటా మారుతుంది, లోపలి పేజీలు అలాగే ఉంటాయి. తర్వాత నాలుగు చోట్ల తెరవండి.

ఒకటి, జిల్లాలు. 2022 ఏప్రిల్ 4న మన రాష్ట్రంలో 13 జిల్లాలు 26 అయ్యాయి. శ్రీహరికోట ఏ జిల్లాలో ఉందో ఆ పుస్తకంలో చూడండి. ‘నెల్లూరు’ అని ఉంటే ఆ పేజీ 2022కి ముందుది. ఇప్పుడు శ్రీహరికోట ఉన్నది తిరుపతి జిల్లాలో. మనం కూర్చుని చదువుకుంటున్న ఊరే ‘చిత్తూరు జిల్లా’ అని అచ్చేసి ఉన్న పుస్తకాలు ఇప్పటికీ సెకండ్ హ్యాండ్ షాపుల్లో దొరుకుతున్నాయి. 2022 తర్వాత జరిగిన మార్పులకు ప్రభుత్వ గెజిట్ ఒక్కటే చూడండి.

రెండు, చట్టాలు. ఎస్‌ఐ, కానిస్టేబుల్ పరీక్షలకు చదివేవాళ్లకు ఇది ప్రాణం. 2024 జులై 1 నుంచి ఐపీసీ స్థానంలో భారతీయ న్యాయ సంహిత అమల్లోకి వచ్చింది. 511 సెక్షన్లు పోయి 358 అయ్యాయి. హత్యకు శిక్ష 302 కాదు, 103. మోసం అనగానే నోటికొచ్చే 420 ఇప్పుడు 318లో నాలుగో ఉపసెక్షన్. సీఆర్‌పీసీ, సాక్ష్యాధారాల చట్టం కూడా అదే రోజు మారాయి. ఊళ్లో అందరూ ఇంకా ‘ఫోర్ ట్వంటీ’ అంటూనే ఉంటారు కాబట్టి పాత పుస్తకం చదువుతున్నా మనకు తేడా తెలియదు.

మూడు, పన్నులు. జీఎస్టీ శ్లాబులు 5, 12, 18, 28 అని ఉంటే 2025 సెప్టెంబరు 22కి ముందు మెటీరియల్. ఆ రోజు నుంచి 12, 28 శ్లాబులు తీసేశారు. ప్రధానంగా 5, 18 మిగిలాయి, కొన్ని వస్తువులకు 40 శాతం.

నాలుగు, తీరరేఖ. భారతదేశ తీరరేఖ 7,516 కిలోమీటర్లు అని మనందరం బడిలో చదువుకున్నాం. కొత్త కొలత ప్రకారం 11,098 కిలోమీటర్లు. సముద్రం పెరగలేదు, భూమి పెరగలేదు. ఇంతకుముందు చిన్న స్కేలు పటం మీద కొలిచారు, అందులో చిన్న చిన్న వంకలు, పాయలు కలిసిపోయాయి. ఇప్పుడు ఇంకా వివరంగా ఉన్న పటం మీద కొలిచేసరికి ప్రతి వంపూ లెక్కలోకి వచ్చింది. ఇలాంటి చోట రెండు అంకెలూ, ఏది ఎప్పటిదో రాసుకోండి. ప్రశ్నలో ఇచ్చిన ఆప్షన్లను బట్టి ఏది అడుగుతున్నారో తెలిసిపోతుంది.

జనాభా లెక్కల దగ్గర ఇంకో చిక్కుంది. 2011 లెక్కలు తీసినప్పుడు రాష్ట్రం ఉమ్మడిగా ఉంది. 2014 జూన్ 2న విడిపోయింది. చాలా మెటీరియల్‌లో ఉమ్మడి రాష్ట్రం అంకెల్ని తీసుకొచ్చి ఇప్పటి ఆంధ్రప్రదేశ్ కింద పెట్టేశారు. పట్టిక మీద ‘విభజిత’ అనో ‘13 జిల్లాలు’ అనో లేకపోతే ఆ అంకెను కంఠస్థం చేయకండి.

ఈ నాలుగింటిలో రెండు తప్పుగా ఉంటే పుస్తకం అక్కడే పెట్టి వచ్చేయండి. ప్రాచీన చరిత్ర, అరిథ్‌మెటిక్ లాంటివి పాత పుస్తకాల్లో చదివినా నష్టం లేదు. తెలుగు అకాడమీ పుస్తకాలూ, ఎన్‌సీఈఆర్‌టీ పుస్తకాలూ పునాదికి నేను గట్టిగా నమ్ముతాను, కానీ వాటికీ ఎడిషన్ సంవత్సరం చూస్తాను.

ఈమధ్య చాలామంది ఫోన్లో ఏఐని అడిగి నోట్సు రాసుకుంటున్నారు. వివరించమని అడగడానికి అది బాగుంటుంది. అధికరణం నంబరు, సంవత్సరం, అంకె మాత్రం అది చెప్పిన వెంటనే రాసుకోవద్దు. తప్పును కూడా అది తడుముకోకుండా చెబుతుంది. పెన్సిల్‌తో రాసి, పుస్తకంలో చూసి, అప్పుడు పెన్నుతో దిద్దండి.

మూడో అడుగు: ‘వాయిదా అంట’ అన్న మాటను ఎలా వినాలి

గ్రూప్-2 మెయిన్స్ మొదట 2024 జులై 28న అన్నారు, తర్వాత వాయిదాలు పడి 2025 ఫిబ్రవరి 23, ఆదివారానికి వచ్చింది. రోస్టర్ పాయింట్ల (ఏ పోస్టు ఏ రిజర్వేషన్ వర్గానికో చెప్పే వరుస) మీద అభ్యర్థులు ఆందోళన చేస్తున్నారు. శనివారం నాడు పరీక్ష కొన్నాళ్లు వాయిదా వేయమని ప్రభుత్వమే కమిషన్‌కు లేఖ రాసింది. ఆ లేఖ ఫోటో నిమిషాల్లో అన్ని గ్రూపుల్లోకీ వచ్చేసింది.

నా రూమ్మేట్‌ది శ్రీకాళహస్తి పక్కన ఒక పల్లె. శివరాత్రి ఇంకో నాలుగు రోజుల్లో ఉంది. లేఖ చూడగానే బ్యాగ్ సర్దాడు.

“అన్నా, పరీక్ష పోయింది. నేను ఊరికి పోతాండా.”

“ఎవరు చెప్పినారు?”

“ఎవరో ఏందన్నా, గవర్నమెంటే రాసింది చూడు.”

నేనూ ఆ లేఖ చూసి నమ్మాను. అతన్ని ఆపలేదు. చీకటి పడకముందే బస్సెక్కి వెళ్లిపోయాడు. పరీక్ష షెడ్యూలు ప్రకారమే జరుగుతుందని కమిషన్ చెప్పిన సంగతి మాకు రాత్రి పదకొండు దాటాక తెలిసింది. ఫోన్ చేస్తే ఎత్తలేదు. పన్నెండున్నరకు ఎత్తాడు. హాల్ టికెట్ ఇక్కడే, టేబుల్ మీద ఉంది. తెల్లవారుజామున వాళ్ల మామ బండి మీద శ్రీకాళహస్తి బస్టాండు దాకా దింపితే, అక్కణ్ణుంచి మొదటి బస్సు పట్టుకుని ఏడున్నరకు రూమ్‌కి చేరాడు. కళ్లు ఎర్రగా ఉన్నాయి. పది గంటలకు పేపర్-1 రాశాడు, మూడింటికి పేపర్-2 రాశాడు. రాత్రంతా నిద్రలేదు. బయటికొచ్చి నాతో ఒకే మాట అన్నాడు: “తెలిసినవే తప్పు పెట్టినానన్నా.”

ఆ లేఖ నకిలీ కాదు. నిజమైన కాగితమే. కానీ పరీక్ష పెట్టేది, వాయిదా వేసేది కమిషన్. ప్రభుత్వం అడిగింది, కమిషన్ ఒప్పుకోలేదు. మనం చూడాల్సింది కాగితం నిజమా కాదా అన్నది ఒక్కటే కాదు, ఆ సంతకానికి ఆ పని చేసే అధికారం ఉందా అన్నది కూడా. అప్పటి నుంచి మా రూమ్‌లో పెట్టుకున్న పద్ధతి ఇది: కమిషన్ సైటులో వెబ్ నోట్ వచ్చేవరకు హాల్ టికెట్ మీద ఉన్న తేదీయే తేదీ. ఎవరేం చెప్పినా పరీక్ష ముందు రోజు ఊరు దాటకూడదు. పడుకునే ముందు సైటు ఒకసారి చూసి, హాల్ టికెట్, గుర్తింపు కార్డు, పెన్నులు ఒక కవర్లో పెట్టి తలుపు గొళ్లేనికి తగిలించాలి.

వచ్చిన వార్త టీవీ స్క్రీన్‌షాట్ అయితే తేదీ చూడండి. పోయినేడాది వాయిదా వార్తను ఈ ఏడాది తిప్పుతుంటారు. కేంద్ర ప్రభుత్వ పరీక్షల మీద పుకార్లయితే కేంద్ర ప్రభుత్వ సమాచార సంస్థ పీఐబీలోని ఫ్యాక్ట్ చెక్ విభాగం ఖండనలు ఇస్తుంటుంది, అక్కడ వెతకండి.

నాలుగో అడుగు: కీలు, కటాఫ్ అంచనాల మీద బతకకండి

పరీక్ష అయిన సాయంత్రానికే యూట్యూబ్‌లో కీ వచ్చేస్తుంది. రెండు ఛానెళ్ల కీలు పక్కపక్కన పెడితే పది బిట్లయినా తేడా ఉంటుంది. కమిషన్ ఇచ్చే ప్రాథమిక కీ కూడా ఆఖరిది కాదు. దాని మీద అభ్యంతరాలు తీసుకుని ఫైనల్ కీ ఇస్తారు. అభ్యంతరం పెట్టే గడువు కొద్ది రోజులే ఉంటుంది కాబట్టి ఆ వెబ్ నోట్ కోసం కాచుకుని ఉండండి, ఆధారం పుస్తకం పేజీతో సహా పెట్టండి.

కటాఫ్ అంచనాలు ఇంతకన్నా ప్రమాదం. 2024 ప్రిలిమ్స్ తర్వాత పోస్టుకు 50 మందిని తీసుకుంటారన్న లెక్కతో చాలామంది కటాఫ్ చెప్పారు. పద్మావతి మహిళా యూనివర్సిటీలో చదువుకున్న ఒక చెల్లెలు ఆ అంకె చూసి, తన మార్కులు చాలవనుకుని పుస్తకాలు అటక మీద పెట్టేసి ఒక బట్టల షాపులో బిల్లింగ్ పనికి చేరింది. ఏప్రిల్‌లో ఫలితాలు వచ్చాయి. 905 పోస్టులకు 92,250 మందిని, అంటే పోస్టుకు దాదాపు వంద మందిని, మెయిన్స్‌కి పిలిచారు. ఆ అమ్మాయి నంబరు అందులో ఉంది. నెలన్నర చదువు పోయింది, ఆపేసిన చదువు మళ్లీ పట్టాలెక్కడానికి ఇంకో నెల పట్టింది. ఫలితం వచ్చేదాకా తరువాతి దశకు రోజుకు నాలుగు గంటలైనా చదువుతూనే ఉండాలి. ఎంపిక కాకపోయినా ఆ చదువు వచ్చే నోటిఫికేషన్‌కి పనికొస్తుంది.

ఐదో అడుగు: కోచింగ్ బ్యానర్‌ని ప్రశ్నలు అడగండి

లీలామహల్ సెంటర్లో నిలబడి తల ఎత్తితే బ్యానర్ల మీద నవ్వుతున్న ర్యాంకర్ల ఫోటోలు కనబడతాయి. ఒకే ముఖం రెండు మూడు సంస్థల బ్యానర్ల మీద ఉంటే ఆశ్చర్యపోకండి. ఒకచోట ఏడాది చదివి, ఇంకోచోట ఇంటర్వ్యూ గైడెన్స్ ఉచితంగా తీసుకుని, మూడోచోట టెస్ట్ సిరీస్ రాసి ఉండొచ్చు. మూడు సంస్థలూ ‘మా విద్యార్థే’ అంటాయి.

దీని మీద కేంద్ర వినియోగదారుల రక్షణ ప్రాధికార సంస్థ 2024 నవంబరు 13న మార్గదర్శకాలు ఇచ్చింది. ఉద్యోగం గ్యారంటీ, ర్యాంకు గ్యారంటీ అని ప్రకటించకూడదు. ర్యాంకర్ ఫోటో వేయాలంటే ఎంపికయ్యాక ఆ అభ్యర్థి రాతపూర్వకంగా ఒప్పుకుని ఉండాలి. ఫోటోతో పాటు పేరు, ర్యాంకు, ఏ కోర్సులో చేరారు, అది డబ్బు కట్టిన కోర్సా కాదా అన్నవి కూడా చెప్పాలి. అందుకని కౌంటర్ దగ్గర మొహమాటపడకుండా అడగండి: “ఈ అన్న మీ దగ్గర ఏ కోర్సు చేసినాడు సార్?” జవాబు సూటిగా రాకపోతే మీకు అర్థమైనట్టే. మధ్యలో మానేస్తే ఫీజు ఎంత తిరిగిస్తారో కాగితం మీద రాయించుకోండి. మెటీరియల్ అడిగి తీసుకుని రెండో అడుగులో చెప్పిన నాలుగు చోట్ల తెరిచి చూడండి. మోసపోయామనిపిస్తే జాతీయ వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915. మాట్లాడటానికి తెలుగులోనూ వీలుంది.

చిత్తూరు నుంచో మదనపల్లె నుంచో పిల్లల్ని ఇక్కడ చేర్పించడానికి వచ్చే తల్లిదండ్రులకు ప్రత్యేకంగా చెబుతున్నాను. మొదటి రోజే మొత్తం ఫీజు కట్టకండి. వారం డెమో క్లాసులు వినిపించండి. ‘ఈ రోజుతో ఆఫర్ అయిపోతుంది’ అంటే ఆ రోజు అసలు కట్టకండి.

ఆరో అడుగు: పేపరు లీకు, దొడ్డిదారి పోస్టులు

ఇక్కడ ఆలోచించడానికేమీ లేదు. టెలిగ్రామ్‌లో ‘రేపటి పేపరు’ అని అమ్మేవాడి దగ్గర పేపరు ఉండదు, మీ డబ్బు మీద ఆశ ఉంటుంది. పరీక్ష అయ్యాక అసలు ప్రశ్నలు పెట్టి, పాత తేదీ కనబడేలా మార్చి ‘నిన్ననే ఇచ్చాం’ అని స్క్రీన్‌షాట్లు చూపిస్తారు. కేంద్ర పరీక్షల్లో ఇలాంటి అక్రమాల మీద 2024 జూన్ 21 నుంచి అమల్లో ఉన్న చట్టం కింద మూడు నుంచి ఐదేళ్లు, ముఠాగా చేస్తే ఐదు నుంచి పదేళ్లు జైలు. మన రాష్ట్రంలో 1997 చట్టం ఉంది.

తిరుపతిలో ప్రత్యేకంగా తిరిగేది ‘టీటీడీలో ఉద్యోగాలు’ అన్న మెసేజ్. దేవస్థానం ఇలాంటి వాటిని నమ్మవద్దని ఎన్నోసార్లు ప్రకటించింది. స్వామి పేరు చెప్పగానే మన పెద్దవాళ్లు అనుమానించరు, అక్కడే దెబ్బ తింటున్నారు. దరఖాస్తు ఫీజు ఒక వ్యక్తి ఫోన్ నంబరుకు పంపమన్నారంటే అది మోసం. డబ్బు పంపేసి ఉంటే సిగ్గుపడి దాచకుండా వెంటనే సైబర్ మోసాల హెల్ప్‌లైన్ 1930కి ఫోన్ చేయండి. ఎంత త్వరగా చేస్తే ఆ డబ్బును ఖాతాలో ఆపించే అవకాశం అంత ఎక్కువ.

ఏడో అడుగు: ఇప్పటికే తప్పుదారిలో నెలలు గడిచి ఉంటే

నాలాగా ఎవరైనా గోడ మీద పాత పేజీ అంటించుకుని ఉంటే, ఏడవడానికి ఒక రోజు ఇచ్చుకోండి, తప్పులేదు. నేను రెండు రోజులు రూమ్ దాటి బయటికి రాలేదు. ఇంట్లో చెప్పడానికి వారం పట్టింది. అమ్మ మాత్రం “పోతే పోయిందిలే నాయనా, అన్నం తిన్నావా” అంది.

మూడో రోజు ఇలా చేయండి. కొత్త సిలబస్ ప్రింటు తీసి, ఒక్కో అంశం పక్కన మీరు చదివినదేమైనా ఉందా చూసి టిక్ పెట్టండి. నేను స్పైరల్ తీగ లాగేసి పుస్తకాన్ని విడివిడి కాగితాలుగా చేసి మూడు కట్టలు కట్టాను. ఇప్పటి సిలబస్‌లో ఉన్నదీ, సమాచారం మారనిదీ మొదటి కట్ట. సిలబస్‌లో ఉంది కానీ అంకెలు, చట్టాలు మారినవి రెండో కట్ట, వీటిని దిద్దుకోవాలి. అసలు సిలబస్‌లో లేనిది మూడో కట్ట. రాజ్యాంగం దాదాపు మొత్తం మొదటి కట్టలోకే వచ్చింది, మెయిన్స్ పేపర్-1లో దానికి 75 మార్కులున్నాయి. ఎకానమీలో సగానికి పైగా రెండో కట్టలోకి వెళ్లింది. అన్నీ సర్దాక పూర్తిగా వ్యర్థమైనవి ఓ నలభై పేజీలు. ఐదు నెలలూ గాలికి పోయాయని రెండు రోజులు కుమిలిపోయినవాడికి ఆ నలభై పేజీల కట్ట చేతిలో పట్టుకుంటే ఊపిరి వచ్చింది.

తర్వాత మిగిలిన రోజుల్ని కొత్తగా వచ్చిన సబ్జెక్టులకు మొదట పంచండి, తెలిసినవాటికి చివర్లో. నేను తిరగేసి చేశాను, తెలిసినవే మళ్లీ చదివి ధైర్యం తెచ్చుకోవాలని చూశాను. భారతీయ సమాజానికి చివరి పన్నెండు రోజులే మిగిలాయి, 30లో 11 వచ్చాయి. గోడ మీద పాత పేజీ తీసేసిన చోట ఇప్పుడు నోటిఫికేషన్‌లోని సిలబస్ పేజీ ఉంది. కింద కుడి మూలన పెన్సిల్‌తో ఒక తేదీ రాసి ఉంటుంది, సైటులో చివరిసారి సరిచూసిన రోజు. ప్రతి శనివారం దాన్ని చెరిపి కొత్త తేదీ రాస్తాను.